గల్లా దగ్గర మూడు వేళ్ల అవ్వ

నిషివాకి ఫుమియె పేరు ఏ వీడియో గేములోనూ లేదు. ఇరవై రెండో ఏట మొదలుపెట్టి పాతికేళ్లు ఆ పనిలోనే ఉంది. అయినా ఆట గెలిచాక తెర మీద కిందినుంచి పైకి వరసగా సాగే పేర్లలో ఆమె పేరు ఒక్కసారి కూడా సాగలేదు.

మొదటి ఉద్యోగం ఒసాకాలో ఓ చిన్న కంపెనీలో. కింద అంతస్తులో బొత్తాలమ్మే టోకు దుకాణం, పైన రెండు అంతస్తుల్లో నలభై మంది ఆటలు తయారుచేసేవాళ్లు. ఆ రోజుల్లో ఎవరి అసలు పేరూ తెర మీద వేసేవారు కాదు. బొమ్మలు బాగా వేసేది ఎవరో తెలిస్తే పక్క కంపెనీవాళ్లు రెండింతల జీతం చూపించి ఎగరేసుకుపోతారని భయం. అందుకని తలా ఒక మారుపేరు. సెక్షన్ పెద్ద కాదొవాకి ఒక మధ్యాహ్నం నోటుపుస్తకం పట్టుకుని బల్ల బల్లకీ తిరిగాడు. ఆ వేళకి ఫుమియె భోజనం డబ్బా తెరిచి ఉంది. తెల్లటి అన్నం నడిమధ్యన ఉప్పులో ఊరిన ఎర్రటి పండు, ఉమెబోషి. ఆయన డబ్బాలోకి చూసి, ఏమీ అడక్కుండా 'ఉమెబోషి' అని రాసుకుని పక్క బల్లకి వెళ్లిపోయాడు. ఆ బల్ల మనిషి 'ఆవులింత' అయ్యాడు.

ఉమెబోషి గళ్లకాగితం మీద చుక్క చుక్కగా మనుషుల్ని వేసేది. ఒక్కో గడికి ఒక్కో రంగు. ఒక మనిషికి ఇన్ని చుక్కలని లెక్క, అంతకుమించి యంత్రం పట్టదు. ముక్కుకి ఒక్కటే చుక్క. కోపమైనా నవ్వైనా రెండు చుక్కల్లో తేలిపోవాలి. అలా ఏడాదిన్నరలో ఆమె ఊళ్లు తిరిగి మందులమ్ముకునే ఒక బేరగాణ్ణి, అతనికి ఎదురయ్యే నూట పన్నెండు మందిని వేసింది. ఆట విడుదలైంది, బాగానే అమ్ముడుపోయింది. మరుసటి సంవత్సరం అమ్మకి జబ్బు చేస్తే ఫుమియె ఉద్యోగం మానేసింది. ఆమె బల్ల దగ్గరికి తెరావుచి కనకొ అనే అమ్మాయి వచ్చింది. ఒక పూట కూర్చోబెట్టి ఏ సొరుగులో ఏ రంగు పెన్సిళ్లున్నాయో చూపించి ఫుమియె వచ్చేసింది. వాళ్లిద్దరూ కలిసింది ఆ పూటే.

అక్కడ మారుపేరు మనిషిది కాదు, బల్లది. తెరావుచి మధ్యాహ్నాలు రొట్టె తినేది, ఉమెబోషి అంటే ఆమెకి పడదు. అయినా రెండో ఆటకి ఆమే ఉమెబోషి.

అమ్మ కాస్త కోలుకున్నాక ఫుమియె వేరే కంపెనీల్లో, వేరే పేర్లతో పనిచేసింది. తర్వాత బొమ్మలకి చుక్కలు పోయి మూడు కొలతలు వచ్చాయి. అసలు పేర్లు వేసే కాలమూ వచ్చింది, కానీ అప్పటికి ఆమె పచింకో జూదపు యంత్రాల తెరల మీద రాలే పూలు వేస్తోంది. వాటికి పేర్లుండవు. ఆ తర్వాత ఫోన్ ఆటల్లో తప్పులు వెతికే పని. అక్కడ మనుషుల్ని పంపిన ఏజెన్సీ పేరు ఒక్కటే వేసేవారు. నలభై ఏడో ఏట ఏజెన్సీ ఒప్పందం పొడిగించలేదు. ఇప్పుడు అరవై. కిషివదాలో ఒక సూపర్‌మార్కెట్‌లో పొద్దున ఆరు నుంచి మధ్యాహ్నం ఒంటిగంట దాకా కొరొక్కెలు, బంగాళాదుంప వడల్లాంటివి, వేయిస్తుంది. అమ్మ పోయి పదకొండేళ్లయింది. రెండు గదుల ఇల్లు.

విరామంలో పీట మీద కూర్చుని ఫోను చూస్తుంటే ఆ వార్త కనబడింది. పాత కంపెనీని ఎవరో కొన్నారు, వాళ్లని తోక్యోలో ఇంకెవరో కొన్నారు. వాళ్లిప్పుడు ఆ రెండు పాత ఆటల్నీ కలిపి, కొత్త యంత్రాల్లో ఆడేలా మళ్లీ విడుదల చేస్తున్నారు. అప్పుడు దాచిన పేర్లన్నీ ఈసారి బయటపెడతారట. ముందుగా చూపించిన జాబితాలో ఆవులింత ఎవరో ఉంది. ఉమెబోషి ఎదురుగా, రెండు ఆటలకీ, తెరావుచి కనకొ అని ఉంది.

పక్కన ఉల్లిపాయలు తరుగుతున్న హమానో, ఏమైందక్కా, ఎవరైనా పోయారా అని అడిగింది. ఎవరూ పోలేదంది ఫుమియె. నూనె కాగిందో లేదో చూడటానికి లేచింది.

తోక్యోకి ఉత్తరం రాయడానికి ఆమెకి నాలుగు రోజులు పట్టింది. ఆరు వాక్యాలు రాసి, రెండు కొట్టేసింది.

కంపెనీ తరఫున జవాబు రాసిన కుజె అనే ఆవిడ రెండు వారాలకి ఒసాకా వచ్చింది. ముప్ఫై దాటిన మనిషి, సన్నగా, నిద్ర చాలని కళ్లతో ఉంది. తెన్నోజి స్టేషన్ దగ్గర కాఫీ దుకాణంలో మధ్యాహ్నం రెండున్నరకి కలిశారు. కుజె పక్కన చేతికర్ర పట్టుకుని కాదొవాకి కూర్చున్నాడు. డెబ్భై తొమ్మిదేళ్లు. ఏ మారుపేరు ఎవరిదో కంపెనీకి చెప్పింది ఆయనే. నోటుపుస్తకం ఏనాడో పోయింది, ఉన్నదంతా ఆయన జ్ఞాపకమే.

కుజె ముందు తన సంగతి చెప్పింది. చిన్నప్పుడు ఆ ఆట ఆడే ఈ పనిలోకి వచ్చిందట. కొత్త ఆట చేయాలంటే ఇప్పుడు ఆరేళ్లు పడుతుంది, నాలుగు వందల మంది కావాలి, పోతే కంపెనీయే పోతుంది; పాతవాటిని దుమ్ము దులిపి మళ్లీ అమ్మడానికి ఏడుగురు చాలు, అందుకే అందరూ పాతవాటి మీదే బతుకుతున్నారంది. కొత్తగా ఒకటి చేయాలని ఉంది కానీ తన వంతు వచ్చేసరికి రిటైరవుతానేమో అంది. కాదొవాకి నవ్వాడు. ఆయన మాత్రం ఇంతసేపూ ఫుమియెని పరీక్షగా చూస్తూనే ఉన్నాడు.

"గుర్తొచ్చింది. పదింటికీ మూడింటికీ టీ తెచ్చేదానివి. నీ టీ బాగుండేదమ్మాయ్. మిగతా పిల్లలు తెస్తే చల్లారిపోయేది."

"బొమ్మలు కూడా వేసేదాన్నండీ."

"తలా ఒక చెయ్యి వేసేవాళ్లంలే. నువ్వు రంగులు నింపినట్టున్నావు. ఆ మనుషుల్ని వేసింది తెరావుచే. ఆ పిల్ల ఆ బల్ల మీద తల వంచుకుని కూర్చోవడం నా కళ్లకి కట్టినట్టుంది."

అబద్ధం చెప్పడం లేదాయన. ఆ బల్ల, ఆ వంచిన తల నిజంగానే ఆయన కళ్లకి కట్టి ఉన్నాయి. ఏ తలో మాత్రమే ఆయనకి తెలియదు.

కుజె ఇబ్బందిపడుతూ, కాగితం గానీ ఉత్తరం గానీ, ఏదైనా ఆధారం ఉందా అని అడిగింది. శుక్రవారం తర్వాత జాబితాలో అక్షరం కూడా మార్చనివ్వరట. తెరావుచి గారు రెండేళ్ల కిందట పోయారు, ఆవిడ కూతురు అనుమతి సంతకం చేసి పంపింది.

ఆధారం ఫుమియె సంచిలోనే ఉంది. నాలుగు రోజులు ఉత్తరం రాయలేకపోయింది కూడా దాని గురించే. కంపెనీ గోడ దాటి గళ్లకాగితం ఒక్కటి కూడా బయటికి పోకూడదని చేరిన రోజున సంతకం పెట్టింది. పనికిరాని కాగితాల్ని ముక్కలు చేసే యంత్రంలో వేయాలి. ఒక్కదాన్ని వేయలేదు. ముప్ఫై ఏడేళ్లుగా అది అమ్మ కిమోనో పెట్టెలో, బట్టల అడుగున ఉంది. పేరు కావాలంటే ముందు దొంగతనం ఒప్పుకోవాలి.

కాఫీ కప్పు పక్కకి జరిపి, కాగితం విప్పి బల్ల మీద పెట్టింది.

ఊరంతా డబ్బులిచ్చి స్నానం చేసే స్నానశాలలో, గల్లా దగ్గర కూర్చున్న ఒక అవ్వ. మూడో ఊళ్లో ఉంటుంది. బేరగాడు పలకరిస్తే, 'నీళ్లు వేడిగానే ఉన్నాయి, పోయి మునుగు' అంటుంది. ఆటలో ఆమె చేసేది అంతే. గల్లా మీద చేయి పెట్టి ఉంటుంది. కాగితం పైన మూల ఎర్ర సిరాతో రెండు వరసలు, కింద కాదొవాకి ముద్ర. ఆయన కళ్లజోడు పెట్టుకుని తన రాతని తనే చదువుకున్నాడు. 'నిషివాకి గారికి. గల్లా అవ్వ చేతికి వేలు ఒకటి తగ్గింది. సరిచేసి రేపు పొద్దున ఇవ్వండి.'

ఆయన నోట వచ్చిన మొదటిమాట, "ఇది బయటికెలా వచ్చింది?"

"నేనే తీసుకెళ్లానండీ. తప్పే."

"యంత్రంలో వేయమన్నాను కదా."

"అవునండీ."

ఆయన ఎర్ర సిరా వరసల మీద వేలు పెట్టాడు. "మరి సరిచేశావా?"

"లేదండీ. మర్నాడు మళ్లీ అలాగే గీసి ఇచ్చాను. మీరు చూడకుండా ముద్ర వేశారు."

కుజె తన పలక లాంటి యంత్రంలో ఆటని తెరిచి, అవ్వ చేతిని పెద్దది చేసింది. నాలుగు చుక్కలుండాల్సిన చోట మూడే ఉన్నాయి. లక్షల మంది ఆ గల్లా ముందునుంచి నడిచిపోయారు. తనూ చిన్నప్పుడు ఎన్నిసార్లో పోయిందట, ఎప్పుడూ లెక్కపెట్టలేదంది. కాదొవాకి కళ్లజోడు తీశాడు, మడిచాడు, బల్ల అంచుకి నుదురు తగిలేదాకా తలవంచాడు. చేతికర్ర జారి కింద పడింది. దాన్ని ఫుమియె వంగి తీసి ఆయనకిచ్చింది.

మిగిలింది జాబితా. ఒక్కో ఆటకి ఒక మారుపేరు ఎదురుగా ఒకరే ఉండాలని కంపెనీ నియమం అని చెప్పింది కుజె. రెండో ఆటకి తెరావుచి గారి పేరు ఎలాగూ ఉంటుంది, అది నిజం కూడా. మొదటి ఆటలోంచి తీయాలంటే కూతురికి ఫోన్ చేసి అడగాలి. కాస్త తటపటాయించి ఇంకో మాట కూడా చెప్పింది. ఆ అమ్మాయి, చిహయ, అనుమతి పత్రంతోపాటు ఒక చిన్న ఉత్తరం పెట్టిందట. అమ్మ పని నుంచి ఆలస్యంగా వచ్చేదనీ, బడి నుంచి వచ్చాక ఒక్కతే కూర్చుని మొదటి ఆటే ఆడేదాన్ననీ, అందులో మనుషులంతా అమ్మ వేసినవాళ్లే కదా అనుకుంటే ఇల్లు ఖాళీగా అనిపించేది కాదనీ రాసిందట.

"మీరేమంటే అది చేస్తాను. అలాగే ఉంచేయమన్నా నేను తప్పుపట్టను."

ఫుమియె అడుగంటిన కాఫీలోకి చూసింది. వద్దులెండి అనడం ఆమెకి ఎప్పుడూ తేలికే. జీవితమంతా చాలాచోట్ల అదే అంది.

"అడగండి," అంది.

కుజె లేచి వాకిలి బయటికి వెళ్లింది. అద్దంలోంచి ఆమె ఫోన్ పట్టుకుని, కనబడని మనిషికి పదే పదే వంగి దండాలు పెట్టడం కనిపించింది. ఆరేడు నిమిషాలు. కాదొవాకి, టీ తాగుతావా అని అడిగాడు. అక్కర్లేదండీ అంది ఫుమియె. కుజె లోపలికి వచ్చి, ఒప్పుకున్నారు అంది.

ఆ రోజు రైల్లో ఫుమియెకి కూర్చోవడానికి చోటు దొరికినా నిలబడే వచ్చింది.

శరత్కాలంలో ఆట విడుదలైంది. కుజె ఒక డబ్బా పంపింది. దాన్ని ఆడే యంత్రం లేక ఫుమియె వాడిన యంత్రం ఒకటి కొనుక్కుంది. ఏ వైరు ఎక్కడ పెట్టాలో తెలియక తడుముకుని, మూడో రోజుకి తెర వెలిగించింది. పేర్ల జాబితా కోసం చూస్తే ఎక్కడా లేదు. ఆట మొత్తం గెలిస్తేనే వస్తుంది. ఆ సంగతి ఆమెకి తెలియనిది కాదు, ఆ రోజుల్లో అదే పద్ధతి. ఇప్పుడూ దాన్ని మార్చలేదు, పాతది పాతలాగే ఉండాలని.

ఫుమియెకి వేయడమే వచ్చు, ఆడటం ఎప్పుడూ రాలేదు. రోజూ పని నుంచి వచ్చి, చేతులకి నూనె వాసన పోయేలా కడుక్కుని, కిటికీ ఎండ గోడ దిగేదాకా ఆడేది. బేరగాడు మొదటి ఊళ్లో కుక్కలకి చచ్చాడు, రెండో ఊళ్లో వడగళ్లకి చచ్చాడు. చలికాలానికి మూడో ఊరు చేరాడు. స్నానశాలలోకి వెళ్తే అవ్వ అక్కడే ఉంది, చేయి గల్లా మీద పెట్టుకుని. 'నీళ్లు వేడిగానే ఉన్నాయి, పోయి మునుగు.' ఊరు దాటితే నది. తేలే దుంగల మీద దూకుతూ అవతలికి పోవాలి. ఆమె వేళ్లకి ఆ వేగం లేదు. నదిలో పడితే మళ్లీ స్నానశాల వాకిట్లో లేస్తాడు బేరగాడు. రెండు నెలలైనా అవతలి ఒడ్డు తగల్లేదు. ఇంకా అయిదు ఊళ్లున్నాయి.

హమానోకి చెబుదామని ఒకసారి అనుకుంది. నీకు ఈ వయసులో ఆటలేంటక్కా అంటుంది. చెప్పలేదు.

ఫిబ్రవరిలో కుజె ద్వారా ఒక ఉత్తరం వచ్చింది, చిహయ దగ్గర్నుంచి. చేతిరాత గుండ్రంగా ఉంది. కొత్త డబ్బాలో ఆట మళ్లీ ఆడి పూర్తిచేశానని రాసింది. మీమీద కోపం లేదని చెప్పలేను, కొన్నాళ్లు ఉండింది అని కూడా రాసింది. అసలు రాసింది వేరే మాట కోసం. చిన్నప్పుడు ఆ స్నానశాల అవ్వ వేళ్లు లెక్కపెట్టాను, మూడే ఉన్నాయి. ఎందుకని అమ్మని ఎన్నిసార్లు అడిగినా, నువ్వే ఆలోచించు అనేది. ఇప్పుడర్థమైంది, అమ్మకీ తెలియదు. మీకు తెలిసి ఉంటుంది. చెబుతారా?

ఫుమియె ఆ మధ్యాహ్నం యంత్రం పెట్టలేదు. ఉత్తరాల కాగితం తీసి రాసింది. అవ్వ మా అమ్మ. ఇజుమిసానోలో తువ్వాళ్లు నేసే మిల్లులో పనిచేసేది, మగ్గంలో వేలు పోయింది, నాకప్పుడు ఆరేళ్లు. స్నానశాలలో అందరూ ఆ చేతిని చూస్తారని నీళ్లలోకి దిగేదాకా తువ్వాలు కింద దాచుకునేది. ఒక్కచోటైనా దాచకుండా బయట పెట్టుకుని కూర్చోవాలని అలా వేశాను. ఈ మాట అమ్మకి చెప్పలేదు. ఇంతకుముందు ఎవరూ అడగలేదు.

సంతకం పెట్టాక కాగితం అడుగున నాలుగు వేళ్ల చోటు మిగిలింది. ఫుమియె చాలాసేపు కలం పట్టుకుని కూర్చుంది. అడగకూడదు, ఈ మనిషిని అసలే అడగకూడదు. తర్వాత చిన్న అక్షరాలతో అడుగున రాసింది.

'మీరు చివరిదాకా ఆడానన్నారు. నేను నది దాటలేకపోయాను. అక్కడ నా పేరు ఉందాండీ?'

కవరు అంటించి, కోటు వేసుకుని, అయిదు గంటల టపా తీసేలోపు వేయాలని గబగబా మెట్లు దిగింది.