మా బావి దగ్గర రెండు మధ్యాహ్నాలు

మా చిన్నప్పుడు... కపిల బావి గట్టు మీద ఒక రాతి కూసం, నిలువు స్తంభం లాంటిది, పాతి ఉండేది. దాని పక్కన పరిచిన బండ మీద మా తాత ఉలితో ఒక గీత కొట్టించాడు. కూసం నీడ జరిగి జరిగి ఆ గీత మీదికి వస్తే మధ్యాహ్నం. అంతవరకూ బావి మాది. అక్కడినుంచి పొద్దు గుంకేదాకా మా పెద్దనాయనది.

పుంగనూరు దాటాక చిన్న పల్లె మాది. డెబ్బైల నాటి మాట. తాత పోయాక అన్నదమ్ములిద్దరూ భూమి పంచుకున్నారు గానీ బావిని నరికి పంచుకోలేరు కదా... పూటలు పంచుకున్నారు. పొద్దు పొడవగానే నాయన ఎద్దుల్ని కట్టి తోలు బొక్కెనతో నీళ్లు తోడేవాడు. నీళ్లు మొదట పై కయ్యకు పారి, ఆఖరున కింది కయ్యకు చేరేవి. ఆ కింది కయ్యలోనే రాగి పైరు. ఏడాది పొడుగునా మా ఇంట్లో కెలికే సంగటి అదే.

పెద్దనాయన మదనపల్లెలో చదువుకున్నవాడు. ఒకసారి ఆ ఊరినుంచే వాచీ కొనుక్కొచ్చాడు. రోజూ దాన్ని రేడియోతో సరిపెట్టేవాడు. ఇక ఆ తర్వాత ఆయన బండ మీది గీతను చూడటం మానేశాడు. వాచీలో పన్నెండు కాగానే గట్టు మీదికి వచ్చి నిలబడేవాడు.

"విప్పురా సిన్నోడా. పన్నెండాయ."

"నీడ ఇంకా గీత కాడికి రాలేదు గదన్నా."

"నీడకేం తెలుసురా. రేడియో అబద్దం సెప్తాదా?"

నాయన విప్పేసేవాడు. పైగా తప్పు తనదేననుకునేవాడు... కూసం ఒరిగిందేమోనని దాని మొదట్లో రాళ్లు దిగ్గొట్టాడు. ఎద్దులు మెల్లగా నడుస్తున్నాయని వాటిని కసిరాడు. అంతకు ముందెన్నడూ వాటిని కసిరిన మనిషి కాదు.

ఆ ఏడు వానలు పడలేదు. మాఘమాసం వచ్చేసరికి, నీళ్లు కింది కయ్య మొదట్లోకి రాకముందే పెద్దనాయన గట్టెక్కేవాడు. రాగి ఆకు ఎండకు చుట్టుకుపోయేది. మీయన్న మన పిల్లోళ్ల సంగటి ముద్ద ఎత్తకపోతాండాడని అమ్మ అంటే, అన్నను ఆ మాట అనొద్దని నాయన కోప్పడేవాడు.

నేనప్పుడు పుంగనూరులో హైస్కూలు చదువుతున్నాను. ఒకరోజు సోషల్ అయ్యవారు చెప్పారు... కొన్ని పెద్ద దేశాల్లో ప్రాంతానికొక టైము ఉంటుందట. మనకు మాత్రం దేశమంతా ఒకటే. ఆ టైము లెక్కగట్టే గీత కాకినాడ పక్కగా పోతుంది. సూర్యుడు ఆ గీత దాటి మన నెత్తి మీదికి రావడానికి ఇంకా పావుగంట పడుతుంది. మాఘమాసంలో అయితే ఆ ఆలస్యం ఇంకా పెరిగి దాదాపు అరగంట అవుతుంది. అంటే గడియారంలో పన్నెండయినా మా ఊరికి మధ్యాహ్నం కాలేదన్నమాట.

కూసం ఒరగలేదు. ఎద్దులు సోమరివి కావు. మా పూట సూర్యుడి లెక్కన మొదలై రేడియో లెక్కన ముగుస్తోంది... అంతే. ఆ మిగిలిన అరగంట నీళ్లే కింది కయ్యకు పారవలసినవి.

సాయంత్రం ఇదంతా నాయనకు చెప్పాను. రెండు మూడుసార్లు చెప్పించుకున్నాడు. చివరికి ఒక్కటే అడిగాడు.

"అబ్బోడా... ఇది మీ పెద్దనాయనకు తెలిసుంటాదంటావా?"

మరుసటి రోజు గట్టు మీద ఆయననే అడిగాడు. నేను పక్కనే ఉన్నాను. నీళ్ల గురించి అడగలేదు. నీకు తెలుసునా అన్నా, అని మాత్రమే అడిగాడు.

పెద్దనాయన నవ్వాడు. "నాకు తెలీకనా? నేను ఎప్పుడో సదివిన సదువేరా అది. అయితే ఏమిప్పుడు? నీ రెండెకరాలకు వేరే టైము పెట్టమని డిల్లీకి అర్జీ పెడదామా?"

కాలవ తిప్పే కూలీలూ నవ్వారు. నాయన ఎద్దుల్ని విప్పుకుని పోయాడు.

ఆ మరునాటినుంచి పెద్దనాయన గట్టెక్కకముందే నాయన ఎద్దుల్ని విప్పేసేవాడు. ఆయన వచ్చేసరికి అవి చింతచెట్టు కింద మేత మేస్తుండేవి. ఉన్న నీళ్లు కూడా యాల ఒదులుకుంటాండావని అమ్మ ఏడిస్తే ఒక్క మాటన్నాడు.

"నీళ్లు పోతే పోనీలే. ఆయప్ప నోట్లో పన్నెండాయ అనే మాట మళ్లా ఇనలేను."

రాగి కంకి తీయలేదు. కోసి పశువులకు వేశాం. మరుసటి ఏడు మా భాగం అమ్మేశాం... కొన్నది ఎవరో చెప్పనక్కర్లేదు. ఇల్లు ఎత్తేసి కుప్పం చేరాం. తన పొలంలో తన ఎద్దులు తోలుకున్న మనిషి అక్కడ కట్టెల అడితిలో కాపలా కాశాడు. ఎనభైలలో అక్కడే పోయాడు. చివరిదాకా అన్నను ఒక్క మాట అనలేదు. మట్టి వెయ్యడానికి పెద్దనాయన వచ్చాడు. టైముకే వచ్చాడు.

తర్వాత చాలా పుస్తకాలు తిరగేశాను. అస్సాం తేయాకు తోటల్లో దేశం టైము తమ పొద్దుకు కుదరదని గడియారాన్ని గంట ముందుకు పెట్టుకున్నారట. దొరలు అడిగితే సూర్యుడి మాట చెల్లుబాటయింది. మా నాయన అడగనైనా లేదు.

ఈ వయసులో ఇదంతా ఎందుకంటారా... మొన్న ఇక్కడే, ఈ గ్రూపులోనే, పెద్దనాయన కొడుకు తండ్రి ఫోటో పెట్టి, మా నాన్న టైమంటే టైమే, ఒక్క నిమిషం అటూ ఇటూ అయ్యేవాడు కాదని రాశాడు. కింద అందరూ దండాలు పెట్టారు. నిజమేనబ్బా, నువ్వు రాసిందాంట్లో అబద్ధం లేదు. ఆ నిమిషాలు ఎవరివో రాయలేదు, అంతే.

ఇప్పుడు మా వైపు బావులన్నీ పూడిపోయాయి. ఎవరి బోరు వాళ్లకుంది. వంతుల్లేవు, తగువుల్లేవు... పక్క చేలో ఉన్న అన్నను పలకరించాల్సిన పనీ లేదు. మీ ఊళ్లో అన్నదమ్ములిద్దరూ న్యాయంగా తోడుకున్న బావి ఒక్కటైనా ఉండి ఉంటే రాయండి... అట్లాంటిది ఒకటుందని తెలిస్తే చాలు నాకు.