దానం ఎక్కనన్న చెట్లు

తొంభై ఆరు తుఫాను వెళ్ళిన రెండో నెలలో, ఉప్పలగుప్తం దగ్గర సూర్యప్రకాశరావు గారి కొబ్బరితోటలో, దానం చేత ముప్పై చెట్ల మీది సున్నం బొట్లు తడి గోనెతో తుడిపించారు. చూడటానికి తోటి దింపు కూలీలందరినీ నిలబెట్టారు.

దానం మా పేట మనిషి, నాకు బాబాయి వరస. ఇరవై ఏళ్ళుగా ఆ తోటలో చెట్లెక్కి కాయలు దింపేవాడు. ఎక్కే ముందు ప్రతి చెట్టునూ కత్తి వెనకవైపుతో కొట్టి వినేవాడు, చెట్టు మొదట్లోని మట్టిని కాలితో నొక్కి చూసేవాడు. తుఫానుకు వేళ్ళు కదిలాయనిపించిన చెట్లకు బొట్టు పెట్టి, "ఇయ్యి ఇప్పుడెక్కనండి. ఒక్క వానాకాలం ఆగి చూద్దారండి" అన్నాడు. అదే అతని నేరం.

"భయమైతే దింపెందుకురా? మీవాళ్ళంతా పంతుళ్ళవుతున్నారుగా, నువ్వూ పోయి బళ్ళో కూచో" అన్నారు ప్రకాశరావు గారు. కూలీలు నవ్వారు. దానం "ఆయ్" అని గోనె అందుకున్నాడు. ఆ ముప్పై చెట్లూ ఆ కూలీల్లోనే ఒకడైన వెంకన్న ఎక్కేశాడు. ఏమీ కాలేదు.

ఏమీ కాలేదు! ఈ ముక్క వింటే నాకు ఒళ్ళు మండిపోయేది. వెంకన్న పడనంత మాత్రాన దానం ఆలోచన తప్పయిపోతుందా? టీ కొట్టు తాతబ్బాయితో వాదనకు దిగాను.

"ఒకడు కళ్ళు మూసుకుని రోడ్డు దాటాడనుకో. రేపట్నించి అందరం కళ్ళు మూసుకుందామా?"

"అవతలికి చేరేడా, లేదా?"

"చేరాడు."

"మరింకేటి సైంటిస్టు గారూ! టీ తాగండి."

పిరికి దానం అన్న పేరు తోట తోటకీ పాకింది. దింపుకు పిలిచేవాళ్ళు లేక అంబాజీపేటలో కాయలు వలిచే పనికి కుదిరాడు. పెద్దమనుషుల దగ్గర న్యాయం అడుగుదాం రమ్మని నేనంటే కదలడు. అతని భార్య కృపమ్మ నా మీదే విరుచుకుపడింది: "నువ్వు పుస్తకాలు సదివేవు, ఈయన చెట్లు సదివేరు. ఎవుడికి అక్కరకొచ్చింది చెప్పు?"

రెండేళ్ళకు ఒక గాలివానలో ఆ ముప్పైలో నాలుగు చెట్లు వేళ్ళతో సహా ఒరిగిపోయాయి. తోటలో ఇంకే చెట్టూ పడలేదు. పరుగున వెళ్ళి ప్రకాశరావు గారికి చెప్పాను. ఆయన పేపరు మీంచి చూపు తిప్పలేదు.

"వెంకన్న పడ్డాడా?"

మళ్ళీ అదే. జరిగింది తప్ప, జరగబోయి తప్పిపోయింది కనబడని బుర్రలతో ఏం మాట్లాడతాం? నిజం చెప్పాలంటే, వెంకన్న ఒక్కసారి జారితే బాగుండునని నేను కోరుకున్న రోజులున్నాయి.

దానాన్ని చివరిసారి కలిసింది రెండు వేల మూడులో. నేను మాట్లాడుతున్నా గునపం మీద కాయ వలుస్తూనే ఉన్నాడు. "'నేనన్నదే నిజం' అని ఒక్కసారి వాళ్ళ మొహం మీద అనరాదూ బాబాయ్!" అని విసుక్కున్నాను.

"నా మాట నిజమని ఆళ్ళు ఒప్పుకోవాలంటే వెంకన్న పడాలి గదరా అబ్బాయ్" అన్నాడు. "ఆడికి ముగ్గురు పిల్లలు. నన్ను పిరికోడిగానే ఉండనీ."