తాత కళ్లు మూసుకుని తీసిన షాట్

మా తాత కొమరయ్య స్థిమితంగా కూర్చోగా నేను చూసింది రెండు చోట్లే: చర్చిలో, మంగలి షాపులో. మిగతా వేళల్లో తిరుగుతూనే ఉంటాడు. పిడికిలిని గొట్టంలా చేసి కంటికి పెట్టుకుని, ఎండ ఏ గోడ మీద ఎంతసేపు నిలుస్తుందో చూస్తాడు. దిల్‌సుఖ్‌నగర్ మెట్రో మెట్ల మీద అలా ఆగిపోతే వెనకాల వాళ్లు గొణుక్కుంటూ పక్కనుంచి దిగిపోతారు.

నల్లగొండ పల్లె నుంచి వచ్చి ఫొటో స్టూడియో డార్క్‌రూమ్‌లో ట్రేలు కడిగాడు. ఎల్బీనగర్ ఫంక్షన్ హాళ్లలో పెళ్లి వీడియోలు తీశాడు. తర్వాత పదకొండు సినిమాలకు కెమెరామన్. అవన్నీ ఎవరో రాసినవి, ఎవరో "కట్" అంటే ఆగినవి. అరవై ఆరో ఏట సొంత కథను సొంతంగా తీయడం మొదలుపెట్టాడు. కథంతా కోచింగ్ సెంటర్ల కరపత్రాల వెనుక రాశాడు.

"నీ కథ తిప్పి సూస్తే గ్రూప్ టూ కోచింగే ఉంటది," అనేది నాయనమ్మ ఎలీశమ్మ. అయినా అందులో ముసలమ్మ వేషం ఆమెదే.

చివరి షాట్ ఒక్కటే మిగిలింది. సరూర్‌నగర్‌లో మా కిరాయి ఇంటి కిటికీలోంచి సాయంత్రం పన్నెండు నిమిషాలు ఎండ పడుతుంది. అందులో ముసలమ్మ ప్రార్థన చేయాలి, కెమెరా ఆమె ముఖం మీంచి మెల్లగా కిటికీకి పోవాలి. మర్నాటి నుంచి పక్కింటి సీతారాములు పై అంతస్తు గోడ లేపుతున్నాడు. ఇక ఆ ఎండ రాదు. తాత పొద్దున్నుంచి అన్నం ముట్టలేదు.

"జర కూసోరాదయ్యా, నిన్ను సూస్తే నాకు కండ్లు తిరుగుతున్నయి," అంది నాయనమ్మ.

"ఎండ కూసుంటదా నేను కూసునెతందుకు? రెండు ముక్కలు చెప్పి ఆపు. చర్చిల లెక్క సాక్ష్యం మొదలుపెట్టకు."

ఎండ వచ్చింది. నాయనమ్మ మోకరించి, కొంగు తలమీద కప్పుకుని "ప్రార్థన చేసుకుందాం" అంది. ఆ మాట వినగానే మా ఇంట్లో అందరి కళ్లూ వాటంతటవే మూతపడతాయి, నావి తప్ప. చూస్తే, కెమెరా వెనుక తాత తల వంచి కళ్లు గట్టిగా మూసుకుని ఉన్నాడు. చెబుదామనుకున్నాను. చెబితే ప్రార్థనలో నేను కళ్లు తెరిచానని తెలిసిపోతుంది.

"ప్రభువా, గీ మనిషి కాళ్లకు జర నెమ్మదియ్యి," అని మొదలుపెట్టి ఆమె సీతారాములు గోడను కూడా దీవించింది. ఎండ ఆమె చేతుల మీంచి చెంపకు, నుదుటికి పాకి, పోయింది. కెమెరా కదల్లేదు.

"ఆమెన్," అంది.

"ఆమెన్," అని తాత కళ్లు తెరిచాడు. గది మసకబారింది.

"ఎలీశమ్మా, మళ్లొక్కసారి చెయ్యి."

"చేసిన ప్రార్థన మళ్ల చేస్తరా? దేవునికి చెవుడనుకున్నవా?"

ఆ షాట్‌ను తాత నాలుగుసార్లు చూశాడు, నాలుగుసార్లూ నిలబడే. ఐదోసారి మంచం మీద కూర్చుని చూశాడు.

ఎడిటింగ్ చేసే జోస్నా, "చివర్ల నీ ఆమెన్ పడ్డది తాతా, తీసేస్తా," అంది.

"ఉండనియ్యి బిడ్డా. ఈసారి కట్ చెప్పింది నేనే," అని లేచి, పిడికిలి కంటికి పెట్టుకుని సీతారాములు గోడ చూడ్డానికి పోయాడు.