తొమ్మిది పట్టీలు

డోట్సేకి నిశ్చింతగా కూర్చోవడం చేతకాదు. యాభై రెండేళ్ళొచ్చినా మగ్గంలోకి దిగే ముందు పడుగు దారాలు మూడుసార్లు ఎంచుతాడు. తలుపు గడియ పెట్టి పది అడుగులు వేశాక వెనక్కి వచ్చి మళ్ళీ తడిమి చూస్తాడు. ఇద్దరు అన్నలు పురిట్లోనే పోయాక పుట్టినవాడు. అలాంటి పిల్లాణ్ణి క్పెటోయె అనే ఆ నేతగాళ్ళ ఊళ్ళో ఉంటాడో ఊడతాడో అన్నట్టు చూస్తూ పెంచుతారు. ఆ చూపు చివరికి అతనికే అంటుకుంది.

"డోట్సే, నీ నీడ నీ వెనకే ఉందా? చూసుకున్నావా?" అని నేతపాకలో తోటివాళ్ళు ఆటపట్టిస్తారు. ఒకసారి నిజంగానే వెనక్కి తిరిగి చూశాడు. ఆ ముచ్చట ఇప్పటికీ చెప్పుకుంటారు.

అలాంటి మనిషికి, పెదనాన్న అమెటెపే శవం మీద కప్పే బట్ట నేసే పని పడింది.

అమెటెపే పెదనాన్న మాత్రమే కాదు, పని నేర్పిన మనిషి. పన్నెండేళ్ళ డోట్సేని మగ్గంలో కూర్చోబెట్టి, కాలి వేళ్ళ సందున తాళ్ళు ఇరికించి, పక్కన పీట వేసుకుని కూర్చునేవాడు. తిట్టేవాడు కాదు, కొట్టేవాడు కాదు. తప్పు కనబడితే ఒకటే మాట అనేవాడు: "విప్పు." ఒకసారి మూడు రోజుల నేత విప్పించాడు. కుర్రాడు ఏడుస్తూ విప్పుతుంటే తాను తీరిగ్గా కోలా కాయ నములుతూ కూర్చున్నాడు.

ఎనభై ఎనిమిదేళ్ళకు ఆయన పోయాడు. పోయే ముందు చెప్పాల్సింది చెప్పేశాడు. "నా మీద మా నాన్న బట్ట కప్పాలి. పాతది చీకిపోయింది. డోట్సే కొత్తది నేస్తాడు." శవాన్ని హో పట్నంలో ఆసుపత్రి శవాల గదిలో ఉంచారు. తొమ్మిది వారాల తర్వాత వచ్చే శనివారం ఖననం అని పెద్దలు నిర్ణయించారు.

ఆ బట్టకి ఒక పేరుంది. 'ఈ ఇల్లు చీలలేదు' అంటారు. అమెటెపే తండ్రి, ఆయన తమ్ముడు ఒకప్పుడు కత్తులు దూసుకునేదాకా వెళ్ళి, ఆఖరికి ఒకే కుండలో చేతులు పెట్టి తిన్నారట. ఆ ఏడు తండ్రి నేసిన బట్ట అది. నాలుగు వేళ్ళ వెడల్పు పట్టీలు ఇరవై నాలుగు, పక్కపక్కన పెట్టి కుట్టాలి; కప్పినప్పుడు పట్టీలు మనిషికి అడ్డంగా పడతాయి. ఒక్కో పట్టీలో ఇరవై పీటల బొమ్మలు, పేకలోనే పొంగేలా ఎత్తి నేసినవి. పట్టీలన్నీ కుట్టాక ఈ పీట పక్కన ఆ పీట చేరి, ఈ అంచు నుంచి ఆ అంచు దాకా ఒకే వరస కావాలి. పీట అంటే ఇంటి పెద్దరికం. వరస తెగకపోతే ఇల్లు తెగలేదని అర్థం. ఆ వాడలో చదువు రాని ముసలమ్మ కూడా ఈ మాత్రం చదవగలదు.

డోట్సేని అసలు కంగారు పెట్టింది అదే. ఎందుకంటే ఇల్లు నిజంగానే చీలబోతోంది. అమెటెపే ఇద్దరు భార్యల పిల్లలు, రోడ్డు పక్క స్థలం గొడవలో పడి ఏడాదిగా పలకరించుకోవడం లేదు. శనివారం అటొక బెంచీ మీద వాళ్ళు, ఇటొక బెంచీ మీద వీళ్ళు కూర్చుంటారు. మధ్యలో శవం. శవం మీద బట్ట. అందులో ఒక్క పీట పక్కకి జరిగినా చాలు, ఎవడో ఒకడు లేచి "చూశారా, బట్టే చెప్తోంది" అంటాడు.

మొదటి పడుగులో పదిహేను పట్టీలు నేశాడు. కోసి, మడిచి, కుట్టుపని చేసే సెనాను దగ్గరకి పంపేశాడు. తర్వాత శవం సంగతి చూడ్డానికి మూడు రోజులు హో వెళ్ళాడు. తిరిగొచ్చి రెండో పడుగు చాచి మిగతా తొమ్మిదీ మొదలుపెట్టాడు. పడుగు చివర బరువుకి రాయి పెట్టిన చెక్క పాక బయట డెబ్భై అడుగుల దూరంలో ఉంటుంది. నేసిన కొద్దీ అది నేల మీద గీసుకుంటూ మనిషి వైపు వస్తుంది. డోట్సే దాన్ని చూస్తూనే నేశాడు. రాయి మామిడిచెట్టు దాటింది, ఇంకా పది రోజులు. రాయి కోళ్ళగూడు దాటింది, ఇంకా వారం. నేసిన గుడ్డ పొట్ట ముందున్న కర్రకి చుట్టుకుపోతుంది కాబట్టి వెనక్కి తిరిగి చూసుకునే వీల్లేదు. మంగళవారానికి రాయి అతని కాళ్ళ దగ్గరికొచ్చి ఆగింది. కోసిన తొమ్మిది పట్టీలు భుజాన వేసుకుని బుధవారం పొద్దున్నే సెనాను కొట్టుకి వెళ్ళాడు.

సెనాను ముందు పంపిన పట్టీ పక్కన కొత్త పట్టీ పరిచాడు. చిన్నగా ఈల వేశాడు.

"అన్నా, ఇదేంటి పొట్టిగా వచ్చింది?"

"పొట్టేంటి? సరిగ్గా లాగి చూడు."

"లాగితే పొడుగవడానికి ఇదేమన్నా రబ్బరా? నువ్వే చూడు. పీటలు ఎంచు."

డోట్సే ఎంచాడు. ఇరవై. మళ్ళీ ఎంచాడు. ఇరవయ్యే. మొదటి పీటలు రెండూ పక్కపక్కనే ఉన్నాయి. రెండోది గోరంత తప్పింది. అయిదోదానికి వేలెడు తప్పింది. చివరికొచ్చేసరికి ఒక జానెడు తేడా. మిగతా ఎనిమిదీ అంతే. 

నేతపాకకి పరుగెత్తాడు. పీటకీ పీటకీ మధ్య దూరం కొలిచే తాటి ఈనె పుల్ల ఎప్పటిలాగే గుంజ తాడులో గుచ్చి ఉంది. తీసి వెలుగులో చూశాడు. ఒక చివర నున్నగా, అమెటెపే కోసినట్టే ఉంది. రెండో చివర నమిలి ఉంది. తాను హోలో ఉన్న మూడు రోజుల్లో ఎప్పుడో మేక కొరికింది. నలభై ఏళ్ళ చేతి చెమట ఇంకిన పుల్ల కదా, ఉప్పగా ఉండి ఉంటుంది. ఇదే మనిషి తలుపు గడియ రెండుసార్లు చూస్తాడు, దారాలు మూడుసార్లు ఎంచుతాడు. పుల్లని మాత్రం ఏనాడూ చూడలేదు. కొలిచేదాన్ని ఎవడు కొలుస్తాడు?

ఒక్కో పట్టీకి రోజున్నర పని. తొమ్మిది పట్టీలు. శనివారానికి మూడు రోజులు. వేళ్ళ మీద లెక్కపెట్టడం కూడా దండగ.

తిరిగి కొట్టుకొస్తే సెనాను ఉపాయం చెప్పాడు. "మధ్యనుంచి కలుపుతాను. నడుమ పీటలు వరసలోనే ఉంటాయి. తేడా ఒక్కో చివర అర జానెడు వస్తుంది. ఆ చివర్లు ఎలాగూ పరుపు కిందికి దోపేస్తారు. చచ్చినాయన లేచి దుప్పటి ఎత్తి చూస్తాడా ఏంటి?"

"నోరు ముయ్యిరా. వినిపిస్తుంది."

"ఎవరికి?"

డోట్సే పట్టీలు అతని ముందుకి తోశాడు. కుట్టమన్నాడు.

ఇంట్లో మొక్కజొన్న ముద్ద, బెండకాయ పులుసు ముందు పెడితే వేలు ముంచి అలాగే కూర్చున్నాడు. భార్య సెఫాకోర్ సంగతంతా లాగింది. విని నెత్తి కొట్టుకుంది.

"పరుపు కిందికి దోపుతారు సరే. రేపు మధ్యాహ్నం అత్త రాదూ? ఆవిడ తడమందే బట్ట గడప దాటుతుందా?"

"ఆవిడకి కళ్ళు కనబడవు కదే."

"అందుకే చెప్తున్నా. కళ్ళయితే మోసపోతాయి. ముందే వెళ్ళి చెప్పెయ్యి."

అత్త అంటే జాటుగ్బె. అమెటెపే చెల్లెలు, డోట్సే మేనత్త. ఎనభై ఒక్కేళ్ళు. శవం మీద వేసే బట్టని ముందు పెద్ద ఆడపడుచు ముట్టాలనేది ఆ ఇంటి ఆనవాయితీ. రెండు కళ్ళకీ పొర కమ్మినా పీట ఏదో, చెయ్యి బొమ్మ ఏదో, కోడిపుంజు ఏదో వేళ్ళతోనే చెప్పేస్తుంది. డోట్సే ఆవిడ గుమ్మం దాకా రెండుసార్లు వెళ్ళాడు. రెండుసార్లూ తిరిగొచ్చాడు.

గురువారం మధ్యాహ్నం కర్ర పొడుచుకుంటూ ఆవిడే సెనాను కొట్టుకి వచ్చింది. బట్ట మొత్తం చాప మీద పరిచి ఉంది.

"ఏరా డోట్సే, ఊపిరి తీస్తున్నావా, మగ్గం లాగుతున్నావా? ఇంత చప్పుడేంటి?"

"ఎండలో వచ్చానత్తా."

"నువ్వు గంటనుంచీ ఇక్కడే ఉన్నావట కదా."

ఆవిడ మోకాళ్ళ మీద కూర్చుంది. నడుమ చెయ్యి పెట్టింది. పీట, పీట, పీట. ఒక అంచు నుంచి రెండో అంచుకి వెళ్ళింది. వరస తెగలేదు. తల ఊపింది. సెనాను డోట్సేకి కన్ను గీటాడు. ఆవిడ చెయ్యి ఒక వరస పైకి జరిగింది. ఇంకో వరస. ఇంకోటి. ఆగింది. వెనక్కి వచ్చింది. మళ్ళీ వెళ్ళింది.

"ఇక్కడ పీట జరిగింది."

"వయసు మీద పడిందమ్మా, నీ వేళ్ళు వణికాయేమో" అన్నాడు సెనాను.

"నా వేళ్ళు వణుకుతాయి నాయనా. పీట వణకదు."

డోట్సే ఇక ఆగలేకపోయాడు. జేబులోంచి పుల్ల తీసి ఆవిడ చేతిలో పెట్టాడు. హో వెళ్ళడం, తాడులో పుల్ల, తొమ్మిది పట్టీలు, మధ్యనుంచి కలపడం, అన్నీ ఒక్క గుక్కలో కక్కేశాడు. ఆవిడ నమిలిన చివర తడిమింది. ముక్కు దగ్గర పెట్టుకుని వాసన చూసింది.

"మేక. ఎవరిది?"

"మనదే అత్తా."

"పోనీలే. బయటివాళ్ళది కాదు."

 ఆవిడ పుల్ల ఒళ్ళో పెట్టుకుంది.

"మీ పెదనాన్న అయితే ఏమనేవాడు?"

 ఆ మాట డోట్సే గొంతులో నలభై ఏళ్ళుగా ఉంది. బయటికి రాలేదు.

"నన్నే అనమంటావా? విప్పు."

"శనివారంలోగా మళ్ళీ నేయలేనత్తా. నా వల్ల కాదు."

"నేయమన్నానా? విప్పమన్నాను. వంకరగా ఇరవై నాలుగు కప్పుకుని మా అన్న పడుకోడు. నాకు తెలుసు ఆయన సంగతి."

"పదిహేను పట్టీలు మనిషికి చాలవు."

"చాలినంత వరకే కప్పుతాం."

సెనాను బ్లేడు తీసి కుట్లు కోశాడు. ఒక్కో దారం తెగుతుంటే డోట్సే అటు చూడలేకపోయాడు. విడిపోయిన తొమ్మిదింటినీ ఆవిడ పక్కపక్కన పరిపించి తడిమింది. పైనుంచి కిందదాకా, ఒక్క పీట కూడా తప్పలేదు. ఒకే పుల్లతో నేసినవి కదా.

"వీటికి వీటికి తగువు లేదు" అంది. "నేను చిన్నదాన్ని. ఎండి ఇంకా చిన్నదాన్నయ్యాను. తొమ్మిది చాలు నాకు. కుట్టించి నా పెట్టెలో పెట్టండి."

"అత్తా, అలాంటి మాటలు..."

"ఎలాంటి మాటలు? మళ్ళీ నీతో నేయించుకునే ఓపిక నాకు లేదు. నీ మేకకీ లేదు."

శనివారం శవాన్ని మంచం మీద పడుకోబెట్టారు. పదిహేను పట్టీల బట్ట పాదాల నుంచి నడుము దాకా వచ్చి ఆగింది. పైన ఛాతీ ఖాళీ. రెండు బెంచీల వాళ్ళూ మెడలు చాచారు. డోట్సే గోడ వారన నిలబడి చెమట తుడుచుకుంటున్నాడు. 

జాటుగ్బె పాత బట్ట తెమ్మంది. తండ్రి నేసింది, చీకిపోయి సాలెగూడులా ఉన్నది. "దీన్ని ఛాతీ మీద పరవండి. తండ్రిది పైన, తమ్ముడి కొడుకుది కింద."

పెద్దభార్య కొడుకు ఒక్కడే ఎత్తబోయాడు. చిరిగిన చప్పుడు వినబడింది.

"ఒరేయ్, చింపుతావా?" అని కేకేసింది ముసలమ్మ. "అవతల చివర ఎవరైనా పట్టుకోండి!"

అవతల చివర దగ్గరగా ఉన్నది చిన్నభార్య కూతురు. లేచింది. పట్టుకుంది. ఇద్దరూ మొహాలు చూసుకోలేదు, మాటా లేదు. ఒకరు లాగితే చిరుగుతుంది కాబట్టి ఇద్దరూ ఒకే నడకలో, మెల్లగా, మంచం దాకా వెళ్ళి దాన్ని దించారు. వెంటనే ఎవరి బెంచీ మీదికి వాళ్ళు వెళ్ళిపోయారు. పాత పీటల కింద కొత్త పీటలు వరసగా కూర్చున్నాయి. "బట్టే చెప్తోంది" అని లేచినవాడు లేడు.

డోట్సే తాటి ఈనెతో కొత్త పుల్ల చేసుకున్నాడు. మేక అందుకోలేని ఎత్తులో దూలానికి కట్టాడు. అయినా రోజూ పొద్దున్నే దించి, పదిహేను పట్టీలప్పుడు మిగిలిన ముక్క మీద పెట్టి చూసుకుంటాడు. ఇప్పుడు అతనికి ఇంకో బెంగ పట్టుకుంది. తొమ్మిది పట్టీల బట్ట అత్త పెట్టెలో ఉంది. తన చేత్తో నేసింది, బతికున్న మనిషి కోసం. నేతపాకకి వెళ్తూ ఆవిడ ఇంటి ముందు ఆగుతాడు. పొయ్యి పొగ లేస్తోందా అని చూస్తాడు. పొగ కనబడకపోతే తలుపు దగ్గర చెవి పెడతాడు.

"ఒరేయ్," అంటుంది లోపల్నుంచి గొంతు, "ఇంకా చావలేదు. వెళ్ళి నేసుకో."