ఇస్త్రీ అక్క పొద్దున్నే చేసే ఫోను

ఇస్త్రీ అక్కకి కోపం ముక్కు మీదే ఉంటుందని ఆ వీధిలో పిల్లల్ని అడిగినా చెబుతారు. జేబులో పెన్ను మరిచిపోయి చొక్కా పడేసినవాళ్ళకి ఆవిడ చేతిలో చివాట్లు తప్పవు. పనికి మాత్రం వంక పెట్టడానికి లేదు. కాలరు నిలబడమంటే నిలబడుతుంది, మడత కూర్చోమంటే కూర్చుంటుంది. మనుషులకంటే బట్టలే నయం, చెప్పిన మాట వింటాయి అని ఆవిడే అంటూ ఉంటుంది.

దుకాణమంటే రోడ్డు వైపు తెరుచుకునే ఒక గది. ఒక బల్ల, దాని మీద మాడి మాడి రంగు మారిన దుప్పటి, రెండు ఇస్త్రీ పెట్టెలు, గోడ పొడుగునా మేకులు. మూలన ముందు చక్రం వంకరపోయిన సైకిలు. దాన్ని తుక్కుకి వేసెయ్యమని సలహా ఇచ్చిన పెద్దమనిషికి ఆ వారమంతా బట్టలు నలిగినవి నలిగినట్టే తిరిగొచ్చాయి. ఆ సైకిలు మీదే ఆవిడ మొగుడు ఇస్త్రీ బట్టలు ఇంటింటికీ చేర్చేవాడు. నోట్లో నాలుక లేని మనిషి. ఆయన వాటా మాటలు కూడా ఈవిడే మాట్లాడేసేది, ఆయన నవ్వి ఊరుకునేవాడు.

ఒక పొద్దున ఆయన మూట వెనక కట్టుకుని వెళ్తుంటే పాల వ్యాను వచ్చి గుద్దేసింది. డ్రైవరు పీకల దాకా తాగి ఉన్నాడు. అక్క పరిగెత్తుకెళ్ళేసరికి రోడ్డు నిండా తెల్ల చొక్కాలు, వాటి మీద చెప్పుల జాడలు. ఆయన మీద కూడా ఎవరో ఒక చొక్కా కప్పారు. అది తెల్లవారుతూనే ఆవిడ ఇస్త్రీ చేసిన చొక్కానే.

కోర్టులో ఆ బట్టలు చూపించి ఇవి మీ దుకాణంవేనా అని అడిగితే, మా మడతలు మాకు తెలియవా అంది. బోనులో ఉన్నవాడు లావుగా, గడ్డం మాసిపోయి, కుడి బొటనవేలితో ఎడమ మణికట్టు రుద్దుకుంటూ తల దించుకునే నిలబడ్డాడు. ఒక్కసారన్నా తలెత్తి చూస్తే ఆవిడకి కొంత కడుపుమంట చల్లారేదేమో. చూడలేదు. వాడికి జైలు పడింది. వేళకి తిండి పెట్టి, నీడ పట్టున కూర్చోబెట్టడం శిక్షెలా అవుతుందో ఆవిడకి అర్థం కాలేదు. వాణ్ణి ఒక్కసారి నా చేతికి అప్పగించు ప్రభువా అని మోకాళ్ళ మీద అడిగేది. అలా ప్రార్థించకూడదని పాస్టరమ్మ నచ్చజెప్పబోయింది. పాస్టరమ్మ మొగుడు ఇంట్లో కాలు మీద కాలు వేసుకుని పేపరు చదువుకుంటున్నాడు కాబట్టి ఆవిడ ఎన్నయినా చెబుతుంది అనుకుంది అక్క. ప్రార్థన మాత్రం మార్చుకోలేదు.

ఇలాంటి మనిషి తాగుడు మానినవాళ్ళకి టీ కాచి పొయ్యడమేమిటంటే, అది తమ్ముడి వల్ల.

తమ్ముడు కుళాయిలు బాగు చేసేవాడు. చేతి పనిలో ఎంత నిదానమో తాగుడులో అంత దూకుడు. అక్క తిట్టింది, తలుపు వేసేసింది, తనే వెళ్ళి రోడ్డు మీదనుంచి మోసుకొచ్చింది. ఆఖరికి వాణ్ణి మనిషిని చేసింది చర్చి వెనక హాల్లో గురువారం సాయంత్రాలు కూర్చునే తోడు సంఘం. గుండ్రంగా కుర్చీలు. తాగుడు మానాలనుకునేవాళ్ళు, నిద్రమాత్రలకి అలవాటు పడ్డవాళ్ళు, పేకాటలో ఇల్లు గుల్ల చేసుకున్నవాళ్ళు. బైబిల్లో ఒక వాక్యం చదువుకుంటారు, ఒకరి గోడు ఒకరు వింటారు, ఎవరూ ఎవర్నీ ఎత్తిపొడవరు. కొత్తగా వచ్చినవాడికి ఒక తోడుని ఇస్తారు. ఆ తోడు రోజూ పొద్దున్నే ఫోను చెయ్యాలి, ఇతను ఎత్తాలి. అంతే మందు. తమ్ముడు నిలదొక్కుకున్నాక, ఆ ఋణం తీరేది కాదని అక్క హాలు వంటగదిని నెత్తినెత్తుకుంది.

టీ ఒక్కటే కాదు, నెలకోసారి ప్రభు బల్లకి, అంటే క్రీస్తు రక్తానికి గుర్తుగా అందరూ కలిసి తాగే వేళకి, గ్లాసులు నింపడం కూడా ఆవిడ పనే. ఆదివారం చర్చిలో వైను పోస్తారు. గురువారం హాల్లో మాత్రం ఉత్త ద్రాక్షరసం, వైను చుక్క తగలకూడదు. ఎందుకు తగలకూడదో అక్కకి ఒకరు చెప్పక్కర్లేదు. తమ్ముడు మానేసి బాగున్న రోజుల్లో ఎవరింటి పెళ్ళిలోనో రమ్ము కలిపిన కేకు ముక్క తెలియక నోట్లో వేసుకున్నాడు. ఆ ముక్కతో పోయినవాడు వారం దాకా ఇంటికి రాలేదు.

ఆ సంఘంలో ఇంకో పద్ధతుంది. గ్లాసు ఎవరూ తమంతట తాము తీసుకోరు. అక్క పళ్ళెం పట్టుకుని తిరుగుతూ ఒక్కొక్కరి చేతికీ ఇస్తుంది. ఇచ్చాక వెంటనే తాగరు, కాసేపు మౌనంగా ఉంటారు. ఆ మౌనంలో, ఎవరి మనసులోనైనా పక్కవాడి విషయంలో ముల్లు ఉంటే లేచి వెళ్ళి తీసేసుకుని రావాలి. ఆ తర్వాతే అందరూ కలిసి తాగుతారు.

ఒక గురువారం కొత్తగా ఒకడొచ్చాడు. బక్కగా, నున్నగా గీసిన గడ్డంతో, ఒంటికంటే పెద్ద చొక్కాతో. వంటగది కిటికీ దగ్గరికి టీకి వస్తే, చక్కెర ఎంత అని అడిగింది అక్క. వాడు గ్లాసు కోసం చాచిన చెయ్యి వెనక్కి తీసుకున్నాడు. తర్వాత నేల చూస్తూ, పాలు లేకుండా ఇవ్వండక్కా, ఇదివరకు పాల వ్యాను నడిపేవాణ్ణి, ఇప్పుడు పాలు గొంతు దిగవు అన్నాడు. కుడి బొటనవేలు ఎడమ మణికట్టు మీద తిరుగుతోంది. అక్క చేతిలో కెటిల్ వంగి వేళ్ళు కాలాయి. కాలినట్టు ఇంటికెళ్ళాక గాని తెలియలేదు.

కుర్చీలో కూర్చున్నాక వాడు, తాగి ఒక మనిషి ప్రాణం తీశాను, జైలుకెళ్ళి వచ్చాను అని మాత్రం చెప్పాడు. ఎవరి ప్రాణమో ఎవరూ అడగలేదు. పక్కన కూర్చున్న తమ్ముడు, తన సొంత తమ్ముడు, వాడి భుజం మీద చెయ్యి వేశాడు. ఆ చెయ్యి చూసి అక్కకి ఒళ్ళు భగ్గుమంది. విషయం తెలియక వేశాడని తెలిసినా మంట ఆగలేదు. గిన్నెలు కడుగుతున్నంతసేపూ పళ్ళు నూరుతూనే ఉంది. ఇన్నాళ్ళూ మోకాళ్ళు అరిగేలా అడిగింది ఇదే. అడిగినట్టే అప్పగించాడు దేవుడు.

చేతికి చిక్కినవాణ్ణి ఏం చెయ్యాలో తేల్చుకోవడానికి ఆవిడకి ఎక్కువ సమయం పట్టలేదు. కొట్టిస్తే నాలుగు రోజుల్లో మానిపోతుంది. తిడితే తల దించుకుంటాడు, అది వాడికి అలవాటే. వాడి దగ్గర పోగొట్టుకోవడానికి మిగిలింది ఒక్కటే, తాగకుండా నిలబెట్టుకున్న ఈ కాస్త బతుకు. అది పీకెయ్యాలి. మళ్ళీ రోడ్డు మీద దొర్లాలి, తను అటుగా వెళ్తూ చూడాలి. వైను సీసా ఉండే బీరువా తాళం తన కొంగునే ఉంది. ప్రభు బల్ల వచ్చే గురువారమే.

ఆ రోజు వంటగది తలుపు వేసుకుని ఒక గ్లాసులో సగం వైను, సగం ద్రాక్షరసం పోసింది. రసం తియ్యదనంలో వాసన ఇట్టే కలిసిపోతుందనుకుంది. జన్మలో చుక్క ముట్టనివాళ్ళు మాత్రమే అలా అనుకుంటారు. ఆ గ్లాసుని పళ్ళెంలో తన బొటనవేలి పక్కనే పెట్టుకుని హాల్లోకి వచ్చింది.

చేతులు వణకలేదు. వణికి ఉంటే ఈ కథ మరోలా చెప్పుకునేవాళ్ళం. ఒక్కొక్కరికీ ఇస్తూ వాడి దగ్గరికి వచ్చి ఆ గ్లాసు వాడి చేతిలో పెట్టింది. తాగరా తాగు అనుకుంటూ గోడ దగ్గరికి వెళ్ళి ఖాళీ పళ్ళెం గుండెలకి ఆనించుకుని నిలబడింది. హాలు నిశ్శబ్దమైంది. వాడు గ్లాసు మూతి దాకా తెచ్చుకుని ఆగాడు. కళ్ళు మూసుకుని తెరిచాడు. అప్పుడు లేచాడు. ఎవరి దగ్గరికో వెళ్తాడులే అనుకుంది అక్క. తిన్నగా తన ముందుకే వచ్చి నిలబడ్డాడు.

మిగతావాళ్ళకి వినపడనంత చిన్నగా మాట్లాడాడు.

"కోర్టులో మీ మొహం చూసే ధైర్యం చాల్లేదక్కా. గొంతు మాత్రం విన్నాను. మొన్న చక్కెర ఎంత అని అడిగారే, అప్పుడే పోల్చుకున్నాను. మీకు తెలియాలనే పాల సంగతి చెప్పాను."

అక్క చూపు వాడి చేతిలో గ్లాసు మీదికి పోయింది.

"ఇందులో ఏముందో కూడా తెలిసింది. నాలాంటివాడి ముక్కు దగ్గర అది దాగదు. మీరు తాగమంటే తాగేస్తాను. ఎవరికీ చెప్పను."

మొదటిసారి తలెత్తి ఆవిడ కళ్ళలోకి చూశాడు.

తాగు అన్న మాట అక్క నాలుక చివరి దాకా వచ్చింది. అబద్ధం ఎందుకు, చెప్పెయ్యాలనే ఉంది. ఎవరికీ తెలియదు, ఎవరూ వేలెత్తి చూపరు. అవతల తమ్ముడు ఇద్దర్నీ చూసి కళ్ళు తుడుచుకుంటున్నాడు, అక్క ఎవర్నో క్షమిస్తోందని. వాడు మాత్రం గ్లాసు పట్టుకుని, కొరడా దెబ్బకి వీపు చూపించినవాడిలా ఎదురుచూస్తున్నాడు. ఆ ఎదురుచూపు చూశాక ఆవిడకి విషయం బోధపడింది. తాగితే వీడికే సుఖం. ఒక్క గుక్కతో మొదలై, సాయంత్రానికి ఆ రోడ్డూ ఆ చొక్కాలూ ఆయనా అన్నీ మర్చిపోతాడు. పైగా ఆవిడే తాగించింది, లెక్క సరిపోయింది అనుకుంటాడు. ఇన్నాళ్ళూ తను నిద్రలేక చస్తుంటే, వీణ్ణి తన చేత్తోనే జోకొట్టబోయింది.

"తాగొద్దు," అంది అక్క.

వాడి మొహంలో కాస్త వెలుగు రాబోయింది. దాన్ని ఆవిడ రానివ్వలేదు.

"క్షమించాననుకునేవు. చచ్చినా క్షమించను. తాగితే మర్చిపోతావు, మర్చిపోవడానికి వీల్లేదు నువ్వు. పూర్తి తెలివిలో ఉండి, రోజూ పొద్దున లేవగానే మా ఆయన్ని తలుచుకోవాలి. నేను తలుచుకున్నన్నాళ్ళూ నువ్వూ తలుచుకోవాలి. తెలిసిందా?"

"తెలిసిందక్కా."

గ్లాసు లాక్కుని వంటగదిలోకి వెళ్ళి తూములో గుమ్మరించింది. మరి నా గ్లాసు అన్నట్టు వాడు గుమ్మం దగ్గర తచ్చాడితే, ఈ పూట నీకు గ్లాసూ లేదు గీసూ లేదు, ఎండు గొంతుతో కూర్చో అంది. వాడు వెళ్ళి కూర్చున్నాడు.

ఆ సాయంత్రం ముగిసేముందు పాస్టరుగారు, ఈ కొత్త సోదరుడికి ఇంకా తోడు కుదరలేదు, ఎవరైనా ఉంటారా అని అడిగారు. నేనుంటాను అంది అక్క. తాగుడు మానినవాళ్ళే తోడుండాలన్నది పద్ధతి. అయినా ఆవిడ మొహం చూసి కాదనే సాహసం ఎవరూ చెయ్యలేదు. పేకాట మానిన పెద్దాయన లేచి, ఎంత పెద్ద మనసమ్మా నీది అన్నాడు. ఆ మాటకి ఆయన బట్టలు తర్వాతి వారమంతా దుకాణంలో అన్నిటికంటే అడుగునే ఉండిపోయాయి.

సంగతి కనిపెట్టినవాడు ఒక్కడే. తూము కడగబోయిన తమ్ముడు వంగి, ముక్కు ఎగబీల్చి, కుళాయి పూర్తిగా తిప్పి నీళ్ళు వదిలాడు. అక్కని ఏమీ అడగలేదు. పై నెల ప్రభు బల్లకి మాత్రం బీరువా తాళం కోసం చెయ్యి చాచి, ఇకనుంచి గ్లాసులు నేను నింపుతాలే అక్కా అన్నాడు. నోటికి అడ్డూ ఆపూ లేని ఆ మనిషి మారు మాట్లాడకుండా తాళం తీసి ఇచ్చేసింది. ఇంటికెళ్ళే దారిలో తనే మొత్తం చెప్పింది. తమ్ముడు ఆవిడ భుజం మీద చెయ్యి వెయ్యబోతే, వాడి భుజం మీద వేసిన చెయ్యి నా మీద వెయ్యకు అంది.

అప్పట్నుంచి అక్క రోజు ఇలా మొదలవుతుంది. ఇస్త్రీ పెట్టె వేడెక్కేలోపు ఫోను చేస్తుంది.

"తాగావా?"

"లేదక్కా."

"గుర్తుందా?"

"గుర్తుందక్కా."

టక్కున పెట్టేస్తుంది. బాగున్నావా లేదు, తిన్నావా లేదు. జ్వరమొచ్చిందని ఒకసారి వాడు దగ్గుతూ చెప్పబోతే, జ్వరంలో గుర్తుండదా అని గద్దించింది.

ఒక పొద్దున వాడు ఫోను ఎత్తలేదు. మళ్ళీ చేసింది, ఎత్తలేదు. చేతిలో పెట్టె ఎక్కడ పెట్టిందో చూసుకోలేదు. మరుక్షణం ఆవిడ రోడ్డు మీద ఉంది. చెప్పులు లేవు, దుకాణం తలుపు తెరిచే ఉంది. సందులన్నీ దాటుకుని, వాడుండే గది మెట్లెక్కి, రెండు చేతులతో తలుపు బాదింది. తలుపు తెరుచుకుంది. వాడి మొహం నిండా సబ్బు నురగ. గోడ పక్కన ఫోను చార్జింగులో పడి ఉంది.

అక్క వంగి వాడి నోటి దగ్గర వాసన చూసింది. సబ్బు వాసన తప్ప ఏమీ లేదు. అప్పుడు నోరు తెరిచి తిట్టిన తిట్లకి కింద వాటావాళ్ళు కూడా మెట్ల దగ్గరికి వచ్చారు. తిట్టి తిట్టి ఊపిరి అందక గడప పట్టుకుని నిలబడితే, వాడు గ్లాసుతో నీళ్ళు తెచ్చాడు. తాగలేదు.

"గుర్తుందా?" అంది.

"గుర్తుందక్కా."

దుకాణానికి తిరిగొచ్చేసరికి గదంతా పొగ. బల్ల మీద ఎవరిదో తెల్ల చొక్కా, వీపు మధ్యన ఇస్త్రీ పెట్టె ఆకారంలో నల్లగా కాలిపోయి ఉంది. ఆవిడ చేతిలో చొక్కా మాడటం అదే మొదలు. పొగ చూసి పరిగెత్తుకొచ్చిన తమ్ముడు, వాడి కోసం ఇంత కంగారెందుకక్కా అని అడిగాడు.

"వాడు తాగి చస్తే, ఇక మీ బావని రోజూ తలుచుకునేదాన్ని నేనొక్కదాన్నేగా మిగిలేది," అంది అక్క.

మాడిన చొక్కా తీసి వంకర సైకిలు మీద వేలాడేసి, తమ్ముణ్ణి అడ్డు తప్పుకోమని కసిరి, ఇంకో చొక్కా అందుకుంది.