బసవపున్నయ్య గారి సరిసంఖ్య

బసవపున్నయ్యకి కష్టాలంటే భయం లేదు, ఒక్క కష్టమంటేనే భయం. మైనస్‌ని మైనస్‌తో గుణిస్తే ప్లస్సని చిన్నప్పుడు ఏ మాస్టారు చెప్పాడో గానీ, ఈయన దాన్ని లెక్కల పుస్తకంలోంచి లాక్కొచ్చి సంసారంలో పెట్టాడు. ఒక నష్టం మైనస్. రెండైతే ప్లస్. మూడైతే మళ్ళీ మైనస్. కాబట్టి నష్టాలెప్పుడూ సరిసంఖ్యలో ఉండాలి. ఒకటి తక్కువైతే తనే చేరుస్తాడు.

ఢిల్లీ జనక్‌పురిలో ఇరవై ఆరేళ్ళుగా ఆయనతో కాపురం చేస్తున్న ఉమారాణికి ఇదంతా కొట్టిన పిండి. ఓసారి ఘాజియాబాద్ నుంచి వచ్చిన మరిది చెయ్యి జారి కప్పు పగిలింది. ఈయన లేచి సాసరు తీసి నేలకేసి కొట్టాడు. "ఇప్పుడు ఠీక్ హై" అన్నాడు. మర్నాడే ఆవిడ వెళ్ళి స్టీలు గ్లాసులు కొనుక్కొచ్చింది.

మెట్రో ఒకటి తప్పిపోతే, రెండోది ఎదురుగా తలుపులు తెరుచుకుని నిలబడ్డా ఎక్కడు. ఆలస్యమెందుకని పైఅధికారి నిలదీస్తే, "రెండు బళ్ళు వదిలేశాను సార్, ఇక అంతా శుభమే" అన్నాడట. ఆ అధికారి మెమో ఇచ్చాడు. మెమో ఒక్కటే ఉండకూడదని బసవపున్నయ్య మర్నాడూ ఆలస్యంగానే వెళ్ళాడు.

"మీతో వేగలేనండీ" అంటుంది ఉమారాణి. ఇంకోసారి అనమని బతిమాలతాడు.

వీళ్ళ ఇంటి ఓనరు దగ్గరే పై గదిలో అద్దెకుండి సివిల్స్‌కి చదివే కరీంనగర్ పిల్ల ప్రవల్లిక, మూడుసార్లు ప్రిలిమ్స్ పోయాక, ఇక రాయనని పెట్టె సర్దేసింది. దరఖాస్తుకి ఆ సాయంత్రం ఆరింటితో గడువు. ఉమారాణి మధ్యాహ్నమంతా నచ్చజెప్పి ఓడిపోయింది. చివరికి, ఇంతకన్నా చెడేదేముందిలే అని, మొగుణ్ణి వెంటబెట్టుకుని మళ్ళీ పైకెళ్ళింది.

"నాతోని కాదు అంకుల్. మూడుసార్లు పోయింది."

"మూడు బేసి. బేసి మీద ఎవరైనా ఆపుతారా?"

"అంటే నాలుగోసారి గూడ ఫెయిల్ కావాల్నా?"

ఆయన సిద్ధాంతానికి అంత దెబ్బ ఎన్నడూ తగల్లేదు. వేళ్ళ మీద ఏదో లెక్కేసుకున్నాడు.

"అక్కర్లేదు. నేను డిపార్ట్‌మెంట్ పరీక్ష అయిదుసార్లు తప్పాను. నీ మూడు మైనస్‌లనీ నా అయిదు మైనస్‌లతో గుణించు. మొత్తం ఎన్ని మైనస్‌లు?"

"మూడు, అయిదు కలిస్తే ఎనిమిది."

"సరా, బేసా?"

"సరి" అంది. పదిరోజులుగా లేని నవ్వు ఆ పిల్ల మొహంలో కనిపించింది. "అచ్ఛా, పవర్లు కలిపిన్రా" అంటూ లాప్‌టాప్ తెరిచింది. అయిదున్నరకి దరఖాస్తు వెళ్ళిపోయింది.

మెట్లు దిగుతూ ఉమారాణి ఆయన్ని నిలేసింది. "మీరు మొదటిసారే పాసయ్యారు కదండీ. లడ్డూలు పంచింది నేనేగా?"

"నిజం చెబితే నా వంతు సున్నా. ఆ పిల్ల మూడూ మూడుగానే ఉండిపోయేవి."

ఆవిడకి ఆయన మీద ఎక్కడలేని ముద్దు వచ్చింది. బయటపడకుండా, "మరి అబద్ధం మైనస్ కాదా? ఒక్కటే ఆడారు" అంది.

"రెండు. ఆ పిల్ల ఎక్కడికీ వెళ్ళడం లేదని పొద్దున్నే ఇంటి ఓనరుకి చెప్పేశాను" అన్నాడు.