టీచరమ్మ మూసిన కంపెనీ

2023 వేసవి. ఖమ్మంలో, ఖానాపురం హవేలిలో ఒక మందుల షాపు పైన నా ఆఫీసు. నేను కంపెనీ సెక్రటరీని. ఈ మాట చెప్పగానే చాలామంది నేను ఎవరో పెద్దాయన పక్కన కూర్చుని ఉత్తరాలు టైపు చేస్తాననుకుంటారు. మా అత్తగారు ఇప్పటికీ అదే అనుకుంటారు. కంపెనీ పుట్టిన దగ్గర్నుంచి మూతపడేదాకా చట్టప్రకారం జరగాల్సిన పనులన్నీ చూసుకోవడం మా వృత్తి. ఇందులో పుట్టించడం సులువు, మూయడమే కష్టం.

ఆ రోజు పొద్దున్నే అశ్వారావుపేట నుంచి సలీం వచ్చాడు. వాళ్లది మోటారు పంపుల వ్యాపారం. చిన్ననాటి స్నేహితుడు రంగారావుతో కలిసి, రంగారావు పొలంలోనే పామాయిల్ మొక్కల నర్సరీ పెట్టి, దాన్ని ప్రైవేట్ లిమిటెడ్ కంపెనీ చేశాడు. రిజిస్టర్ చేసింది నేనే.

"మేడం, మా కంపెనీ బందైంది" అన్నాడు, కూర్చోకుండానే.

"ఎవరు మూశారు?"

"టీచరమ్మ."

నాకు నవ్వొచ్చింది కానీ అతని ముఖం చూసి ఆపుకున్నాను. విషయం ఇదీ. కంపెనీ పెట్టిన తర్వాత స్నేహితులిద్దరూ ఒక ఒప్పందం రాసుకున్నారు. తమ మధ్య ఏ తగాదా వచ్చినా తమకు చదువు చెప్పిన సుశీల టీచర్ తీర్పే ఆఖరు అని అందులో ఉంది. దీన్నే ఆర్బిట్రేషన్ అంటారు. కోర్టుకు పోకుండా ఇద్దరికీ నమ్మకమున్న మనిషితో తగువు తెంచుకోవడం. తప్పేమీ లేదు, మంచి పద్ధతే.

ఆ యేడు మొక్కలు ముందుగా బుక్ చేసుకున్నది వేంసూరు రైతులు. రంగారావేమో వాటిని తన అత్తగారి ఊరివాళ్లకు ఇస్తానని మాటిచ్చేశాడు. దాంతో ఇద్దరికీ మాటల్లేవు. చివరికి కంపెనీయే వద్దంటూ రంగారావు టీచర్ దగ్గరికి వెళ్లాడు. ఆమె ఇద్దరినీ పిలిపిస్తే ఆమె ముందే అరుచుకున్నారు. ఆవిడకు ఒళ్లు మండింది. ఈ రోజుతో కంపెనీ మూసేశామని తీర్పు రాసి, నర్సరీ గేటుకు తాళం వేయించి, తాళంచెవి తన దగ్గర పెట్టుకుంది. కొట్టుకునే పిల్లల దగ్గర బంతి లాక్కున్నట్టు.

"మరి మొక్కలకు నీళ్లు?"

"బోరు స్విచ్చు లోపలున్నది మేడం. మొన్నటి సంది సుక్క నీళ్లు లెవ్వు. వేంసూరోళ్లు గుంతలు తీసుకొని కూసున్నరు."

"తాళం తియ్యమని అడగలేదా?"

"ఆర్బిట్రేషన్ అంటే కోర్టు తీర్పు లెక్కనే గదా. ఎదురు మాట్లాడితే లోపలేస్తరని మా బావ భయపెట్టిండు."

నాకు పిచ్చి కోపం వచ్చింది. ఎవరి మీదో చెప్పలేను. మే నెల ఎండలో ఏడాది పెంచిన మొక్కలు మాడిపోతుంటే ముగ్గురు పెద్దమనుషులు ఒక తాళాన్ని చూసి భయపడుతున్నారు! బ్యాగు భుజాన వేసుకుని అతని కారెక్కాను.

నర్సరీ గేటు బయట, నీళ్లు పట్టే కూలీ ఆడవాళ్లు నీడన కూర్చుని కోయ భాషలో మాట్లాడుకుంటున్నారు. మమ్మల్ని చూసి లేచి నిలబడ్డారు. కంచెలోంచి చూస్తే నల్ల సంచుల్లో మొక్కల ఆకులు అంచుల్లో ఎండుతున్నాయి. మొవ్వులు మాత్రం ఇంకా పచ్చగానే ఉన్నాయి. కాస్త ఊపిరి పీల్చుకున్నాను.

టీచర్ ఇంటికి వెళ్లేసరికి రంగారావు అక్కడే ఉన్నాడు. ఆయన కూడా మొక్కల సంగతే అడగడానికి వచ్చి, అడగలేక కూర్చున్నట్టున్నాడు. నన్ను చూడగానే పౌరుషం వచ్చింది.

"ఏంది మేడం, టీచరమ్మ రాసిన తీర్పు చెల్లదంటవా?"

"మీ ఇద్దరి మధ్య తగువు వరకు చెల్లుతుంది. మొక్కలు ఎవరికి ముందివ్వాలో ఆవిడ చెప్పొచ్చు, మీరు వినాల్సిందే. కానీ కంపెనీని మూసే అధికారం ఏ ఆర్బిట్రేటర్‌కూ లేదు. మీరిద్దరూ కలిసి రాసిచ్చినా రాదు. కంపెనీ మూయడాన్ని వైండింగ్ అప్ అంటారు. ఇట్లాంటి గొడవలో ఆ ఆర్డరు వేయాల్సింది హైదరాబాద్‌లో ఉన్న కంపెనీ లా ట్రిబ్యునలే."

"మా కంపెనీ మేం మూసుకుంటే వాళ్లకేంది?"

"కంపెనీ మీ ఇద్దరిదే అయితే వాళ్లకేమీ లేదు. కానీ గుంతలు తీసుకున్న వేంసూరు రైతులున్నారు. గేటు బయట కూలీలున్నారు. అప్పిచ్చిన బ్యాంకుంది. వాళ్లెవరూ మీ ఒప్పందంలో సంతకం పెట్టలేదు కదా. వాళ్లను విడిచిపెట్టి టీచర్ గారు ఒక్కరే ఎలా తీర్పు చెబుతారు? అందుకే చట్టం ఆ పని ట్రిబ్యునల్‌కే ఇచ్చింది."

నేను టీచర్ వైపు తిరిగాను. ముఖం మీదే ఆమెకు అధికారం లేదన్నాను కదా, బాధపడుతుందేమోనని భయమేసింది.

"అంటే... నేను మూయలేదా?" అంది నెమ్మదిగా.

"లేదండి. కంపెనీ నిన్నా ఉంది, ఇవాళా ఉంది."

ఆవిడ కళ్లజోడు తీసి కొంగుతో కళ్లు ఒత్తుకుంది. "బతికించావమ్మా. ఆ తాళంచెవి ఇంట్లో పెట్టుకున్నప్పట్నుంచి నాకు అన్నం సయించలేదు. కోపంలో రాసేశాను. తర్వాత ఎలా వెనక్కి తీసుకోవాలో తెలియలేదు. మాట పోతుందని ఊరుకున్నాను." లోపలికెళ్లి తాళంచెవి తెచ్చింది. "ఏరా రంగా, నా అధికారం ఎంతవరకో విన్నావుగా. అంతవరకు చెబుతున్నాను. ముందు అడిగినవాళ్లకే ముందు. మీ అత్తగారి ఊరికి వచ్చే ఏడు. సరేనా?"

"సరే టీచర్" అన్నాడు. నలభై దాటిన మనిషి, అచ్చం బడిపిల్లాడిలా.

తాళంచెవి ఎవరికివ్వాలా అని ఇద్దరి వైపూ చూసి, సలీం చేతిలో పెట్టింది. "జల్దీ పోరా" అని రంగారావే అతన్ని తోశాడు. ఇద్దరూ రంగారావు బండి మీదే పోయారు. టీచరూ నేనూ వెళ్లేసరికి బోరు నడుస్తోంది, ఆడవాళ్లు పైపులు లాగుతున్నారు. టీచర్ గేటు పట్టుకుని చాలాసేపు చూస్తూ నిలబడింది. కొన్ని మొక్కలు పోయాయి. మిగతావి తొలకరికి వేంసూరు చేరాయి.

కంపెనీ మూసివేతను ఆర్బిట్రేషన్‌కు పంపలేరని నేను చదువుకునే రోజుల్లో కంఠతా పట్టాను. అప్పుడది నాకు మనుషుల అధికారాన్ని కత్తిరించే సూత్రంలాగే కనిపించింది. నీకు అధికారం లేదన్న మాటే ఒకరి గుండె మీద బరువు దించుతుందని ఆ రోజే చూశాను.

తర్వాత వాళ్ల ఒప్పందాన్ని నేనే తిరగరాశాను. టీచర్ గారినే ఆర్బిట్రేటర్‌గా ఉంచాను. ఆవిడ మొత్తం చదివి, ఎర్ర పెన్నుతో చివర ఒక వాక్యం కలపమంది. "తాళంచెవి మాత్రం టీచర్‌కు ఇవ్వరాదు."

కలిపాను.